వాయిదాకి వెళ్లక సివిల్ కేసు కొట్టేశారా? రెస్టోర్ చేయించుకునే దారి

“కేసు డిఫాల్ట్‌లో పోయిందండీ” అని గుమస్తా ఫోన్ చేయగానే చాలామంది ముందు అడ్వకేట్‌తో గొడవ పెట్టుకుంటారు. ఆ తర్వాత ఎందుకు రాలేకపోయామో ఒక కథ అల్లుకుంటారు. గొడవ తర్వాత పెట్టుకోవచ్చు, కథ అసలు అల్లనే కూడదు. మొదట కావలసింది ఆ రోజు జడ్జి గారు డాకెట్ (కేసు ఫైల్లో వాయిదాల వారీగా ఆర్డర్లు రాసే కాగితం) మీద రాసిన రెండు మూడు వాక్యాలు. మీకు 30 రోజుల గడువు ఉందా, కొత్త దావా వేసుకునే వీలుందా, అప్పీలుకి వెళ్లాలా అన్నది ఆ వాక్యాలను బట్టే తేలుతుంది. అవి చదవకుండా వేసిన పిటిషన్లు తప్పు సెక్షన్ కింద పడి, నెలల తరబడి తిరిగి అక్కడే ఆగిన సందర్భాలు కోర్టుల్లో కొల్లలు.

ఇక్కడ ప్రధానంగా మన దేశంలోని సివిల్ దావాల గురించి చెబుతున్నాను. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఆర్డర్ 9 అంతా ఈ హాజరు, గైర్హాజరు గొడవే. ఈ.పి. (తీర్పు అమలు కోసం వేసే పిటిషన్), అప్పీలు, కన్స్యూమర్ కేసు, చెక్ బౌన్స్ కేసుల దారులు వేరు. వాటిని చివర్లో విడిగా చూద్దాం.

ఒక మాట ముందే తెలిసి ఉండాలి. హాజరు కానందుకు దావా కొట్టేస్తే, మీ హక్కు మీద కోర్టు ఏమీ తేల్చలేదు. కోడ్‌లోని సెక్షన్ 2(2) ప్రకారం డిఫాల్ట్‌లో కొట్టేసిన ఆర్డర్ డిక్రీ (హక్కులు తేల్చే ఉత్తర్వు) కిందికి రాదు. అందుకే దాని మీద నేరుగా అప్పీలు ఉండదు. కొట్టేసిన కోర్టుకే వెళ్లి, ఆ ఆర్డర్‌ను రద్దు చేసి దావాను మళ్లీ ఫైలు మీదికి తీసుకోమని అడగాలి. రెస్టొరేషన్ అంటే ఇదే.

మొదటి అడుగు: డాకెట్ ఆర్డర్ చేతికి తెచ్చుకోండి

ఈ-కోర్ట్స్ సర్వీసెస్ యాప్‌లో గానీ వెబ్‌సైట్‌లో గానీ మీ కేసు 16 అక్షరాల సి.ఎన్.ఆర్. నంబర్ కొడితే కేసు స్థితి కనిపిస్తుంది. డిస్పోజ్ అయిందా, ఏ తేదీన, ఎలా అన్నది తెలుస్తుంది. వాయిదా తేదీ మీద నొక్కితే ఆ రోజు ఏం జరిగిందో ఒకటి రెండు ముక్కల్లో ఉంటుంది. తేదీ ఖాయం చేసుకోవడానికి అది చాలు. పిటిషన్ రాయడానికి మాత్రం చాలదు, ఎందుకంటే అక్కడ ఎక్కేది క్లుప్తమైన నమోదు. అసలు మాటలు ఫైల్లో ఉంటాయి. కాపీ అప్లికేషన్ వేసి డాకెట్ ఆర్డర్ సర్టిఫైడ్ కాపీ అడగండి. అది వచ్చేలోపు అడ్వకేట్ గానీ గుమస్తా గానీ కోర్టు ఆఫీసులో ఫైలు చూసి ఆ వాక్యాలు రాసుకుని రావచ్చు.

కాపీ వచ్చాక పిటిషన్ వేద్దాంలే అని కూర్చోవద్దు. అప్పీలుకో రివిజన్‌కో అయితే కాపీ కోసం పట్టిన రోజులు గడువులోంచి మినహాయిస్తారు. రెస్టొరేషన్ పిటిషన్‌కి లిమిటేషన్ చట్టం (గడువుల చట్టం) లోని సెక్షన్ 12 ఆ మినహాయింపు ఇవ్వలేదు. కాపీ ఆలస్యమైనా గడియారం తిరుగుతూనే ఉంటుంది.

రెండో అడుగు: ఆ రోజు ఎవరు ఉన్నారు, ఎవరు లేరు

డాకెట్‌లో చూడాల్సినది ముఖ్యంగా ఇదే. “వాది, ప్రతివాది ఇద్దరూ పిలిచినప్పుడు లేరు” అని ఉంటే అది ఆర్డర్ 9 రూల్ 3. అప్పుడు రూల్ 4 కింద మీకు రెండు దారులు: కొట్టేసిన ఆర్డర్‌ను రద్దు చేయమని అడగొచ్చు, లేదా కాలపరిమితి ఇంకా మిగిలి ఉంటే అదే విషయం మీద కొత్త దావా వేసుకోవచ్చు. కొత్త దావా అంటే కోర్టు ఫీజు మళ్లీ కట్టాలి, సమన్లు మళ్లీ మొదటికి. అందుకని దారి ఉంది కదా అని ఎవరూ సరదాగా అటు వెళ్లరు. 30 రోజులూ దాటిపోయి, కారణం కూడా బలంగా లేనప్పుడు మాత్రం ఆ రెండో దారి ప్రాణం పోస్తుంది.

“ప్రతివాది హాజరు, వాది లేరు, ప్రాతినిధ్యం లేదు” అని ఉంటే అది రూల్ 8. ఇది గట్టి దెబ్బ. రూల్ 9 ప్రకారం అదే వ్యాజ్య కారణం మీద కొత్త దావా వేయడానికి వీల్లేదు. రద్దు చేయించుకోవడం ఒక్కటే మార్గం. ప్రతివాది ఆ రోజు మీ క్లెయిమ్‌లో కొంత ఒప్పుకుంటే, ఆ మేరకు డిక్రీ ఇచ్చి మిగతాది మాత్రమే కొట్టేయాలి. ఇలా ఒప్పుకోవడం అరుదు గానీ, జరిగిందేమో డాకెట్‌లో చూసుకోండి. పార్టిషన్ దావాల్లో కాస్త ఊరట ఉంది. ఆస్తి ఉమ్మడిగా ఉన్నంత కాలం పంపకం అడిగే హక్కు కొనసాగుతూనే ఉంటుంది కాబట్టి, ముందు దావా డిఫాల్ట్‌లో పోయినా కొత్త పార్టిషన్ దావాకి అది అడ్డు కాదని కోర్టులు చెబుతూ వచ్చాయి.

బ్యాటా (సమన్లు పంపే ఖర్చు) కట్టకపోవడం వల్ల సమన్లు వెళ్లక కొట్టేస్తే అది రూల్ 2. సమన్లు బట్వాడా కాకుండా తిరిగొచ్చాక ఏడు రోజుల్లో మళ్లీ సమన్లు అడగకపోతే రూల్ 5. ఈ రెండింట్లోనూ కాలపరిమితి ఉంటే కొత్త దావా వేసుకునే హక్కు మిగులుతుంది. నిజానికి ఇక్కడ మీ గైర్హాజరు కంటే ఆఫీసు పని జరగకపోవడమే కారణం. చాలాసార్లు ఆ సంగతి మీకు తెలియనే తెలియదు.

ఇక జాగ్రత్తగా చూడాల్సింది సాక్ష్యం మొదలైన కేసులు. వాయిదా పడిన రోజున ఒక పక్షం రాకపోతే ఆర్డర్ 17 రూల్ 2 ప్రకారం కోర్టు ఆర్డర్ 9 వైపు వెళ్లొచ్చు. కానీ రాని పక్షం సాక్ష్యం మొత్తమో, చాలా భాగమో అప్పటికే రికార్డయి ఉంటే, వాళ్లు హాజరైనట్టే భావించి కోర్టు కేసు ముందుకు నడపవచ్చు. అప్పుడు వచ్చేది తీర్పు, డిక్రీ. దానికి రెస్టొరేషన్ పనికిరాదు, అప్పీలు చేసుకోవాల్సిందే. “సాక్ష్యం లేనందున దావా కొట్టివేయడమైనది” అన్న ఒక్క వాక్యం చూసి ఇది డిఫాల్టా, తీర్పా అని తికమక పడేవాళ్లు అడ్వకేట్లలోనూ ఉన్నారు. మీ చీఫ్ అఫిడవిట్ (రాతలో ఇచ్చే మీ సాక్ష్యం) వేశారా, క్రాస్ (దాని మీద ఎదుటి అడ్వకేట్ ప్రశ్నలు) అయిందా, ఆ రోజు మీ తరఫున ఎవరైనా కోర్టులో ఉన్నారా అన్న మూడు సంగతులూ రాసుకుని అడ్వకేట్ ముందు పెట్టండి.

అడ్వకేట్ కోర్టులో ఉన్నా “నాకు ఇన్‌స్ట్రక్షన్స్ లేవు” అని చెప్పేస్తే దాన్ని గైర్హాజరుగానే చూస్తారు. మామూలుగా అయితే అడ్వకేట్ హాజరే పార్టీ హాజరు.

వాది చనిపోయాక కేసు కొట్టేసి ఉంటే ఇదంతా వర్తించదు. అది ఆర్డర్ 22. వారసులు తమను కేసులో చేర్చమని 90 రోజుల్లో ఎల్.ఆర్. పిటిషన్ వేయాలి. ఆ గడువు దాటి కేసు అబేట్ అయితే (దానంతట అదే ముగిసిపోతే), ఆ అబేట్‌మెంట్‌ను తొలగించమని అడగడానికి మరో 60 రోజులు.

మూడో అడుగు: 30 రోజులు లెక్కపెట్టుకోండి

లిమిటేషన్ చట్టం 1963, ఆర్టికల్ 122. కొట్టేసిన తేదీ నుంచి 30 రోజులు. మీకు తెలిసిన తేదీ నుంచి అనుకునే పొరపాటు అందరిలోనూ ఉంది. వాది విషయంలో అలా ఉండదు. జూన్ 10న కొట్టేస్తే ఆ రోజును వదిలేసి 11 నుంచి లెక్క. జూలై 10 చివరి రోజు. ఆ రోజు కోర్టుకి సెలవైతే కోర్టు తెరిచిన రోజున వేయొచ్చు. వేసవి సెలవుల్లో గడువు ముగిసే కేసులకి కూడా ఇదే సూత్రం.

ముప్పై రోజుల లోపు వేసిన పిటిషన్‌కీ, నలభై రోజుల తర్వాత వేసినదానికీ తేడా పది రోజులే అనిపిస్తుంది. కోర్టులో అది ఒక పిటిషన్‌కీ రెండు పిటిషన్లకీ మధ్య తేడా. అంటే రెండు అఫిడవిట్లు, రెండు కౌంటర్లు (ఎదుటి పక్షం జవాబులు), ఓడిపోవడానికి రెండు అవకాశాలు. చేతిలో పక్కా రుజువులు ఇంకా లేకపోయినా గడువులోపు పిటిషన్ వేసి, డాక్యుమెంట్లు తర్వాత దాఖలు చేయడమే మేలు.

నాలుగో అడుగు: ఆ రోజు ఎందుకు రాలేదో చెప్పండి

చట్టం అడిగేది “తగిన కారణం”. దీనికి కోడ్‌లో జాబితా ఏమీ లేదు. రావాలని ఉండి, రావడానికి ప్రయత్నించే మనిషిని నిజంగా అడ్డుకున్నదేదైనా తగిన కారణమే. జ్వరం, ఆసుపత్రి, ఇంట్లో చావు, ప్రమాదం, రైలు గంటల తరబడి ఆగిపోవడం, వాయిదా తేదీ డైరీలో తప్పు పడడం, కేసు వేరే కోర్టుకి బదిలీ అయినట్టు నోటీసు రాకపోవడం ఇవన్నీ కోర్టులు ఒప్పుకున్న కారణాలే. కేసు పిలిచేటప్పుడు పై కోర్టులో మరో కేసు వాదిస్తూ అడ్వకేట్ ఉండిపోవడం కూడా. బార్ అసోసియేషన్ బాయ్‌కాట్ పిలుపు మాత్రం బలహీనమైన కారణం. సమ్మె పేరుతో అడ్వకేట్ రాకపోతే ఆ నష్టానికి ఆయనే బాధ్యుడు కావచ్చని సుప్రీంకోర్టు గట్టిగానే చెప్పింది.

ఇక్కడే చాలా అఫిడవిట్లు దారి తప్పుతాయి. “వాది గత మూడేళ్లుగా అనారోగ్యంతో బాధపడుతున్నాడు” అని మొదలవుతాయి. మూడేళ్లలో మిగతా వాయిదాలకి వచ్చాడు కదా, ఆ రోజు సంగతేమిటి అని ఎదుటి అడ్వకేట్ అడిగితే జవాబు ఉండదు. కోర్టు చూడాల్సింది ఆ గైర్హాజరైన తేదీ నాటి పరిస్థితినే, పాత వాయిదాల్లో జరిగిన నిర్లక్ష్యాన్ని తవ్వి దీనికి అంటగట్టకూడదని సుప్రీంకోర్టు 2000లో తేల్చింది. ఆ తీర్పు మీకు అనుకూలం. దాన్ని వాడుకోవాలంటే మీ అఫిడవిట్ కూడా ఆ ఒక్క రోజు చుట్టూనే తిరగాలి.

నేనైతే ఇలా రాయమంటాను:

“ఈ దావా నా చీఫ్ అఫిడవిట్ కోసం ఫలానా తేదీకి వాయిదా పడింది. అంతకు ముందు రోజు రాత్రి మా నాన్నగారికి గుండెనొప్పి వచ్చి ఆసుపత్రిలో చేర్చాము. మరుసటి రోజు సాయంత్రం వరకు నేను అక్కడే ఉన్నాను. ఉదయం 10 గంటలకి మా న్యాయవాది గుమస్తాకి ఫోన్ చేశాను, ఫోన్ కలవలేదు. ఫలానా తేదీన న్యాయవాది గారి ఆఫీసుకి వెళ్లినప్పుడు దావా కొట్టివేసినట్టు తెలిసింది. నా గైర్హాజరు ఉద్దేశపూర్వకం కాదు. ఆసుపత్రి అడ్మిషన్ కాగితం, డిశ్చార్జి సమ్మరీ, నా కాల్ వివరాలు దీనితో దాఖలు చేస్తున్నాను.”

ఇందులో విశేషణాలు లేవు. తేదీ, సమయం, చోటు, కాగితం ఉన్నాయి. మీ దావా ఎంత న్యాయమైనదో రెండు పేజీలు రాసే అలవాటు మానుకోండి. ఆ సంగతి ఇప్పుడు ఎవరూ అడగడం లేదు. ఒక్క పేరాలో, దావా దేని గురించి, ఏ దశలో ఉంది, కొట్టేస్తే మీకు ఏం నష్టం అన్నది చెబితే సరిపోతుంది.

మెడికల్ సర్టిఫికెట్ గురించి ఒక హెచ్చరిక. వాయిదా పోయాక తెచ్చుకున్న, “విశ్రాంతి అవసరం” అని ముద్ర కొట్టిన సర్టిఫికెట్‌ని జడ్జీలు ఒక చూపులో గుర్తుపడతారు. ఎదుటి పక్షం పట్టుబడితే ఆ డాక్టరుని సాక్షిగా పిలవాల్సి వస్తుంది. అదే తేదీన రాసిన ప్రిస్క్రిప్షన్, మందుల షాపు బిల్లు, ల్యాబ్ రిపోర్టు ఉంటే అవి పది సర్టిఫికెట్ల పెట్టు. ఏ కాగితమూ లేకపోతే లేదనే రాయండి. ఆ రోజు మీతో ఉన్నవారి అఫిడవిట్ జత చేయండి.

తప్పు అడ్వకేట్‌దైతే? 1981లో సుప్రీంకోర్టు అడ్వకేట్ రాకపోయినందుకు పార్టీని శిక్షించకూడదని చెప్పింది. ఆ తీర్పు ఇప్పటికీ ప్రతి రెస్టొరేషన్ పిటిషన్‌లోనూ కనిపిస్తుంది. కానీ కాలం మారింది. అంతా అడ్వకేట్ మీదికి తోసేసి చేతులు దులుపుకుంటే కుదరదని, కేసు ఏమవుతోందో కనుక్కునే బాధ్యత పార్టీకీ ఉందని అదే కోర్టు తర్వాతి తీర్పుల్లో, 2024లో కూడా చెప్పింది. అందుకే అడ్వకేట్ తప్పిదాన్ని కారణంగా చూపితే, మీరు ఎప్పుడెప్పుడు ఆయన్ని సంప్రదించారో కూడా చూపండి. వాట్సాప్ మెసేజ్‌లు, ఫోన్ రికార్డులు, ఫీజు చెల్లించిన రసీదులు పనికొస్తాయి. తేదీ తప్పు రాసుకున్నది గుమస్తా అయితే, ఆయన అఫిడవిట్టూ ఆ డైరీ పేజీ నకలూ జత చేస్తే పని చాలా తేలికవుతుంది. మీ అడ్వకేట్‌కి ఇది ఇబ్బందిగా ఉంటుంది, ఆ మాట నిజమే. అయినా అడగండి.

ఐదో అడుగు: ఆలస్యమైతే రెండో పిటిషన్

30 రోజులు దాటితే, ఆర్డర్ 9 పిటిషన్‌తో పాటు లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యాన్ని మన్నించమని వేరే ఐ.ఏ. (దావాలో వేసే మధ్యంతర పిటిషన్) వేయాలి. ముందు అది అలో అయితేనే (కోర్టు ఒప్పుకుంటేనే) ఆర్డర్ 9 పిటిషన్‌కి నంబర్ పడుతుంది.

రెండు అఫిడవిట్లలోనూ ఒకే కథ అతికించడం ఎక్కువగా జరిగే తప్పు. మొదటిది వాయిదా రోజు ఎందుకు రాలేదో చెప్పాలి. రెండోది, ఆ తర్వాతి 30 రోజుల్లో ఎందుకు వేయలేదు, గడువు ముగిశాక కూడా ఇన్నాళ్లు ఎందుకు పట్టింది అన్నది చెప్పాలి. వాయిదా నాడు జ్వరం వచ్చిందంటే అది ఒక రోజుకి జవాబు. ఆ తర్వాత గడిచిన 140 రోజులకి జవాబు కాదు. ఆలస్యం ఎన్ని రోజులో కచ్చితంగా లెక్కకట్టి పిటిషన్‌లో రాయండి. ఒక్క రోజు తక్కువ రాసినా ఆఫీసు రిటర్న్ చేస్తుంది, అది సరిచేసేలోపు మరో వారం.

ఆలస్యాన్ని ఉదారంగా చూడాలని సుప్రీంకోర్టు 1987లో చెప్పిన మాట అందరికీ కంఠతా వచ్చు. కొన్ని వారాల ఆలస్యానికి ఆ ఉదారత ఇప్పటికీ దొరుకుతుంది. ఏళ్ల తరబడి నిద్రపోయి వచ్చినవారి విషయంలో మాత్రం ఇటీవలి తీర్పులు బాగా బిగిశాయి. ఎదుటివారికి ఈలోగా ఏర్పడిన హక్కులు, ఉదాహరణకి ఆ స్థలం మూడో వ్యక్తికి అమ్ముడుపోవడం, కోర్టు తప్పక చూస్తుంది.

ఆరో అడుగు: దాఖలు

రూల్ 3 కింద పోయిన దావాకి ఆర్డర్ 9 రూల్ 4, రూల్ 8 కింద పోయినదానికి రూల్ 9 అని పిటిషన్ మీద ఉండాలి. పక్కన సెక్షన్ 151 (కోర్టు సహజాధికారాలు) చేర్చడం ఆనవాయితీ. సెక్షన్ తప్పు రాసినంత మాత్రాన హక్కు పోదు గానీ, ఆ వంకతో ఒక వాయిదా పోతుంది.

కట్టలో ఉండాల్సినవి: పిటిషన్, అఫిడవిట్, డాక్యుమెంట్లు, డాకెట్ ఆర్డర్ కాపీ లేదా దానికి కాపీ అప్లికేషన్ వేసినట్టు ఆధారం, కోర్టు ఫీజు స్టాంపు, ఎదుటివారందరికీ నోటీసు బ్యాటా, కాపీలు. అఫిడవిట్ ఇంగ్లిషులో ఉండి మీకు ఇంగ్లిషు రాకపోతే, తెలుగులో చదివించుకుని అర్థమయ్యాకే సంతకం పెట్టండి. చదివి వినిపించినట్టు అందులో రాయించండి. క్రాస్‌లో “ఇందులో ఏముందో నాకు తెలియదు” అనాల్సి వస్తే పిటిషన్ అక్కడితో సరి.

అడ్వకేట్‌ని మార్చాలనుకుంటే పాత ఆయన దగ్గర నో అబ్జెక్షన్ తీసుకుని కొత్త వకాలత్ వేయించాలి. ఆయన ఇవ్వకపోతే కోర్టు అనుమతితో మార్చుకోవచ్చు. ఈ తగాదాలో పడి 30 రోజులు పోగొట్టుకోకండి. ఫీజు పెట్టుకోలేకపోతే జిల్లా కోర్టు ఆవరణలోనే ఉండే లీగల్ సర్వీసెస్ అథారిటీకి వెళ్లండి. ఆడవారు, ఎస్సీ, ఎస్టీలు, దివ్యాంగులు, జైల్లో ఉన్నవారు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయానికి అర్హులు. హెల్ప్‌లైన్ నంబర్ 15100.

ఏడో అడుగు: నోటీసు, విచారణ, ఖర్చులు

రూల్ 9 కింద ఎదుటి పక్షానికి నోటీసు ఇవ్వకుండా దావాను రెస్టోర్ చేయకూడదు. వాళ్లు కౌంటర్ వేస్తారు. దాదాపు ప్రతి కౌంటర్‌లోనూ “వాదికి కేసు లాగడమే పని” అని ఉంటుంది. కంగారు పడకండి. కారణాన్ని వాళ్లు కాదంటే మీరు సాక్ష్యం చెప్పాల్సి రావచ్చు. సాధారణంగా అఫిడవిట్లు, కాగితాల మీదే తేలిపోతుంది.

అలో చేస్తూ కోర్టు ఖర్చులు విధించవచ్చు. ఎదుటి పక్షానికి ఇంత కట్టమనో, లీగల్ సర్వీసెస్ అథారిటీకి జమ చేయమనో ఫలానా తేదీలోపు అని షరతు పెడుతుంది. ఈ షరతు దగ్గర చేతికందినది జారిపోయినవాళ్లు తక్కువేం కాదు. “అలో అయింది” అన్న మాట విని ఇంటికెళ్లిపోతారు. తేదీ దాటాక పిటిషన్ డిస్మిస్ అయిందని తెలుస్తుంది. డబ్బు కట్టి, రసీదుతో మెమో వేసేదాకా దావా రెస్టోర్ కానట్టే. నిజంగా కట్టలేని పరిస్థితి ఉంటే గడువు ముగియకముందే సెక్షన్ 148 కింద పొడిగింపు అడగండి.

ఈ రెస్టొరేషన్ పిటిషన్ వాయిదాకీ మీరు రాకపోతే అదీ డిఫాల్ట్‌లో పోతుంది. దాన్నీ ఆర్డర్ 9 కిందే రెస్టోర్ చేయమని అడగొచ్చు, సెక్షన్ 141 వివరణ అందుకు వీలిస్తుంది. ఆ మెట్టు దాకా వచ్చినవారి మాట జడ్జి గారు ఎంత నమ్ముతారో మీరే ఊహించుకోండి.

ఇంజంక్షన్ సంగతి

దావా పోతే దానితో పాటు మధ్యంతర ఇంజంక్షన్ కూడా పోతుంది. రెస్టోర్ అయితే తిరిగొస్తుందా? సుప్రీంకోర్టు 2004లో మెజారిటీ తీర్పులో, కోర్టు వేరేగా చెప్పకపోతే మధ్యంతర ఆర్డర్లూ దావాతో పాటు తిరిగి అమల్లోకి వస్తాయంది. కానీ తీర్పుకు ముందు చేసిన జప్తు విషయంలో కోడ్ వేరే చెబుతోంది. ఆర్డర్ 38 రూల్ 11ఎ ప్రకారం దావా రెస్టోర్ అయినంత మాత్రాన ఆ జప్తు బతకదు, మళ్లీ అడగాలి. డబ్బు దావాల్లో ఇది మర్చిపోతే ఆస్తి చేతులు మారిపోతుంది. ఇంజంక్షన్ విషయంలో కూడా నా సలహా, రెస్టొరేషన్ ఆర్డర్‌లోనే అది కొనసాగుతుందని రాయించుకోవడం. పోలీసు స్టేషన్‌లో తీర్పు చూపించి వాదించే కంటే ఒక వాక్యం చూపించడం సులభం.

పిటిషన్ కొట్టేస్తే

రూల్ 9 కింద వేసినది కొట్టేస్తే ఆర్డర్ 43 రూల్ 1(సి) కింద సి.ఎం.ఏ. (ఇలాంటి ఆర్డర్ల మీద వేసే అప్పీలు) ఉంది. జిల్లాలోని పై కోర్టుకైతే 30 రోజులు, హైకోర్టుకైతే 90 రోజులు. ఇక్కడ కాపీకి పట్టిన రోజులు మినహాయిస్తారు. రూల్ 4 కింద కొట్టేస్తే సి.ఎం.ఏ. లేదు, హైకోర్టులో సి.ఆర్.పి. (రివిజన్ పిటిషన్) వేసుకోవాలి, లేదా గడువు ఉంటే కొత్త దావా. రెండో అడుగులో ఏ రూలో తేల్చుకోమని అంత గట్టిగా చెప్పింది ఇందుకూ పనికొస్తుంది.

ప్రతివాదులకి

మీరు రాకపోతే దావా కొట్టేయరు, మిమ్మల్ని ఎక్స్‌పార్టీ చేస్తారు, అంటే మీరు లేకుండానే కేసు నడుపుతారు. ఎక్స్‌పార్టీ చేయడం వేరు, ఎక్స్‌పార్టీ డిక్రీ ఇవ్వడం వేరు. డిక్రీ ఇంకా రాకపోతే, ఎక్స్‌పార్టీ ఆర్డర్ తీసేయమని రూల్ 7 పిటిషన్ వేయండి. విచారణ ముగిసి తీర్పుకి రిజర్వ్ చేశాక రూల్ 7 పనిచేయదు. పిటిషన్ వేయకపోయినా, ఆ దశ నుంచి విచారణలో పాల్గొనకుండా మిమ్మల్ని ఎవరూ ఆపలేరు. పోయిన దశకి వెనక్కి వెళ్లి రిటన్ స్టేట్‌మెంట్ (దావాకి రాతపూర్వక జవాబు) వేయాలంటేనే అనుమతి కావాలి.

డిక్రీ వచ్చేస్తే, దాన్ని రద్దు చేయమని రూల్ 13 పిటిషన్. గడువు డిక్రీ తేదీ నుంచి 30 రోజులు. సమన్లు సరిగా అందకపోతే డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి. పేపర్ ప్రకటన ద్వారా ఇచ్చిన నోటీసును ఈ గడువు లెక్కకి సరైన బట్వాడాగా భావించరని ఆర్టికల్ 123 వివరణలో ఉంది. ఊళ్లో లేనప్పుడు పేపర్లో వేయించి డిక్రీ తెచ్చుకున్నవారి మీద ఇది మంచి ఆయుధం. కానీ అమీనా (సమన్లు తెచ్చే కోర్టు ఉద్యోగి) వచ్చాడనీ, మీకు వాయిదా తేదీ ముందే తెలుసనీ తేలితే సమన్లలో చిన్న లోపం మిమ్మల్ని కాపాడదు. రూల్ 13 పిటిషన్ వేసినంత మాత్రాన ఈ.పి. ఆగదు. స్టే కోసం వేరే ఐ.ఏ. వేయాలి. డిక్రీ మీద సెక్షన్ 96(2) కింద అప్పీలూ చేసుకోవచ్చు. ఆ అప్పీలు తేలిపోయాక మాత్రం రూల్ 13 తలుపు మూసుకుంటుంది.

దావా కాని కేసులు

ఈ.పి. డిఫాల్ట్‌లో పోతే ఆర్డర్ 21 రూల్ 106. గడువు 30 రోజులు. ఇక్కడ ఆలస్యం చేయడానికి వీల్లేదు, ఎందుకంటే లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 ఆర్డర్ 21 పిటిషన్లని మాటల్లోనే బయట పెట్టింది. సుప్రీంకోర్టు 2005లో అదే చెప్పింది. గడువు దాటితే మిగిలేది, డిక్రీకి ఉన్న 12 ఏళ్లలోపు మరో ఈ.పి. వేయడమే.

అప్పీలులో అప్పీలుదారు రాకపోతే ఆర్డర్ 41 రూల్ 17 కింద కొట్టేయవచ్చు. అప్పీలుదారు లేనప్పుడు మెరిట్స్ (కేసు బలాబలాల) మీద కొట్టేయడానికి మాత్రం వీల్లేదు. అలా జరిగి ఉంటే అదే మీ మొదటి అభ్యంతరం. రీఅడ్మిషన్‌కి రూల్ 19, గడువు మళ్లీ 30 రోజులే.

కన్స్యూమర్ కేసులో జిల్లా కమిషన్‌కి తన ఆర్డర్‌ను తానే రద్దు చేసుకునే అధికారం లేదని సుప్రీంకోర్టు 2011లో తేల్చింది. అక్కడే రెస్టొరేషన్ పిటిషన్ వేసి నెలలు పోగొట్టుకోకుండా 45 రోజుల్లో రాష్ట్ర కమిషన్‌కి అప్పీలు వెళ్లండి.

చెక్ బౌన్స్ కేసులో ఫిర్యాదుదారు రాకపోతే ఫలితం ఘోరంగా ఉంటుంది. కేసు కొట్టేయడంతో ఆగదు, నిందితుడు నిర్దోషిగా విడుదలవుతాడు. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన బి.ఎన్.ఎస్.ఎస్. (కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం) సెక్షన్ 279 ఒక ఊరట ఇచ్చింది. అలా విడుదల చేసే ముందు ఫిర్యాదుదారు హాజరు కావడానికి 30 రోజుల సమయం ఇవ్వాలి. ఆ సమయం ఇవ్వకుండా ఆర్డర్ వేసి ఉంటే అప్పీలులో అదే బలమైన అంశం. మేజిస్ట్రేట్ ఇచ్చిన ఆర్డర్‌ను మేజిస్ట్రేటే రీకాల్ చేయలేరు, కాబట్టి అక్కడ పిటిషన్ వేసినా లాభం లేదు. చెక్ కేసు ఫిర్యాదుదారు బాధితుడి కిందికి వస్తాడని, ప్రత్యేక అనుమతి అడగకుండానే అప్పీలు చేసుకోవచ్చని సుప్రీంకోర్టు 2025లో చెప్పింది. అంతకు ముందు దాకా హైకోర్టులో ఆ అనుమతి (లీవ్) తీసుకోవాల్సి వచ్చేది. ఈ కేసుల్లో ప్రతి వాయిదాకీ స్వయంగా రాలేనివారు అడ్వకేట్ ద్వారా హాజరయ్యేలా ముందే మినహాయింపు పిటిషన్ వేసుకోవాలి. ఆ రోజు ఉదయం వేసే ఆబ్సెంట్ పిటిషన్ ఒక వాయిదా దాటిస్తుందేమో గానీ, వరసగా నాలుగు వేస్తే ఐదోది ఒప్పుకోకపోవచ్చు.